పెద్ద లీగ్‌లో ఒక మధ్యాహ్నం

టెక్సాస్‌లోని ఫ్రిస్కోలో మా ఇంటికి దగ్గర్లో పెద్ద ఆటసామాన్ల దుకాణం ఒకటుంది. పోయిన నెల వాకింగ్ బూట్లు కొందామని వెళ్లి, దారి తెలియక బేస్‌బాల్ గ్లవ్‌లు వేలాడదీసిన వరుసలోకి మళ్లాను. కొత్త తోలు వాసనా, తోలు మెత్తబడడానికి పట్టించే నూనె వాసనా కలిసి ఒక్కసారిగా ముక్కుకు తగిలేసరికి కాళ్లు అక్కడే ఆగిపోయాయి. బూట్ల సంగతి మరిచి బయటికొచ్చి కార్‌లో కూర్చున్నాను. టెనెసీలో, కొండల మధ్య ఉన్న ఒక చిన్న ఊళ్లో, మా ఇంటి కింది వాటా అచ్చంగా అదే వాసన వేసేది. నాకు ఏడెనిమిదేళ్ల వయసు నుంచి ఆ వాటాలో వేసవి వేసవికీ అద్దెకు దిగిన డెల్ అంకుల్, ఆయన భార్య జోన్ ఆంటీ మా చిన్నతనంలో సగం. మిగతా సగం అమ్మ.

నాన్న ఆ ఊరి ఆసుపత్రిలో మత్తు ఇచ్చే డాక్టరు. ఆ చుట్టుపక్కల తెలుగు మాట వినాలంటే కార్‌లో మూడు గంటలు పోవాలి. మా ఇల్లు ఏటవాలు నేల మీద కట్టింది కాబట్టి కింది వాటాకు వెనక పెరట్లోకి వేరే తలుపుండేది. ఊళ్లో ఒక బేస్‌బాల్ జట్టుండేది, ఏప్రిల్ వచ్చేసరికి ఆటగాళ్లు గదుల కోసం ఇళ్ల వెంట తిరిగేవారు. అలా ఒక మధ్యాహ్నం డెల్ అంకుల్ మా తలుపు తట్టాడు. తాటిచెట్టంత పొడుగు, ఎర్రగా కమిలిన మెడ, చేతిలో టోపీ. ఆయన వెనక, ఆయన భుజం దాటని ఎత్తులో జోన్ ఆంటీ. అప్పుడామెకు ఇరవయ్యొకటి కూడా ఉండి ఉండదు.

ఆ ఆట గురించి మాకు ఏమీ తెలియదు. డెల్ అంకుల్ ఓపిగ్గా చెప్పాడు. అన్నిటికన్నా పైన పెద్ద నగరాల జట్లు ఆడే మేజర్ లీగ్. దాని కింద మెట్లు మెట్లుగా చిన్న లీగ్‌లు. ప్రతి చిన్న ఊరి జట్టూ ఎక్కడో ఒక పెద్ద జట్టు చేతి కింద ఉంటుంది. బాగా ఆడితే పై మెట్టు, లేకపోతే కింది మెట్టు, ఏదైనా ఒక ఫోన్ కాల్‌తో తేలిపోతుంది. ఫోన్ వస్తే ఆ రోజే సామాను సర్దుకోవాలి. ఆయన ఫ్లోరిడాలో అట్టడుగు లీగ్‌లో మొదలుపెట్టి, కరోలినాలో ఒక లీగ్ దాటి, మా ఊరిదాకా ఎక్కి వచ్చాడు. ఇంకా రెండు మెట్లు. ఎడమచేత్తో బంతి విసిరే పిచర్ ఆయన. ఆ చెయ్యి ఎంత జాగ్రత్తగా చూసుకునేవాడంటే, కూరల సంచి కూడా కుడిచేత్తోనే మోసేవాడు, ఎండాకాలంలో కూడా పొడుగు చేతుల చొక్కా వేసుకుని పడుకునేవాడు.

అమ్మకు మొదట్లో వాళ్లంటే భయం. ఆ భయం పోగొట్టింది బెండకాయ. డెల్ అంకుల్ ఆర్కన్సా పల్లెటూరివాడు. ఒకరోజు మా పెరట్లో అమ్మ వేసిన బెండమొక్కలు చూసి, చిన్నప్పటి చుట్టాన్ని చూసినట్టు దగ్గరికెళ్లి ఆకులు తడిమాడు. ఆ సాయంత్రం అమ్మ బెండకాయ వేపుడు చేసి కింది వాటాకు పంపింది. మరునాడు జోన్ ఆంటీ వాళ్ల పద్ధతిలో మొక్కజొన్న పిండి పట్టించి వేయించిన బెండకాయలు తెచ్చింది. అన్నిటినీ మించి, డెల్ అంకుల్ మజ్జిగ తాగేవాడు. చల్లటి మజ్జిగలో మొక్కజొన్న రొట్టె తుంపుకుని, ఇంత ఉప్పు వేసుకుని చెంచాతో తినేవాడు. అమ్మ అది చూసి నాన్నతో, “వీళ్లెవరో మనవాళ్లేనండీ, తోవ తప్పి ఇక్కడ పుట్టారు” అంది.

ఆ ఊళ్లో వేసవి అంటే కీచురాళ్ల రొద, కంచె పొడుగునా పాకిన హనీసకుల్ తీగల తీపి వాసన, సాయంత్రాలు గడ్డి మీద లేచే మిణుగురులు, ఉప్పునీళ్లలో ఉడికించిన పచ్చి వేరుశనక్కాయలు. మామిడికాయలు దొరక్క అమ్మ పుల్లటి పచ్చ ఆపిల్స్‌తో ఆవకాయ పెట్టేది. జోన్ ఆంటీ ముక్కలు తుడిచి ఆరబెట్టేది, కారం ఘాటుకు తుమ్ముతూ నవ్వేది. జట్టు వేరే ఊళ్లకు బస్సులో ఆడడానికి పోయినప్పుడు వాళ్లాడే మైదానం ముందున్న ఖాళీ పార్కింగ్‌లో ఆవిడ అమ్మకు కారు నేర్పింది. చీర కుచ్చిళ్లు మోకాళ్ల మధ్య ఇరికించుకుని, కాళ్లకు నాన్న బూట్లు తొడుక్కుని, స్టీరింగ్ పట్టుకుని అమ్మ “రామ రామ” అనుకుంటూ గుండ్రంగా తిరుగుతుంటే, వెనక సీట్లో నేను కళ్లు మూసుకునేదాన్ని. ఆ కారే అమ్మకు అమెరికాలో మొదటి స్వేచ్ఛ అని పెద్దయ్యాక తెలిసింది.

మూడో వేసవి చివర్లో వినాయక చవితికి బొమ్మ చేద్దామంటే మా పెరట్లో అంతా రాళ్ల నేల. డెల్ అంకుల్ మైదానం మధ్యలో పిచర్ నిలబడే దిబ్బ నుంచి ఒక బకెట్ నిండా ఎర్ర బంకమన్ను తెచ్చాడు. అమ్మ ఆ మన్నుతో వినాయకుణ్ణి చేసి, ఉండ్రాళ్లు పెట్టి, వాళ్లిద్దరినీ కూర్చోబెట్టి అక్షింతలు వేసింది. జోన్ ఆంటీ అప్పటికి ఏడో నెల. ఒళ్లు కాస్త నీరు పట్టి, నవ్వినప్పుడల్లా నడుం పట్టుకునేది.

మా ఊరి ఆటలు ముగిసిన మరునాడు ఫోన్ వచ్చింది. సెప్టెంబర్‌లో పెద్ద జట్లు కింది నుంచి కొంతమందిని పిలిచి చూస్తాయి. డెల్ అంకుల్‌ని రెండు మెట్లూ దాటించి ఏకంగా మేజర్ లీగ్‌కు పిలిచారు. ఆయన పైకొచ్చి మా వంటింట్లో నిలబడి ఆ మాట చెప్పాడు, చెప్పి చేతులెక్కడ పెట్టుకోవాలో తెలియనట్టు టోపీ నలిపాడు. అమ్మ పంచదార తెచ్చి ఆయన నోట్లో పోసింది. జోన్ ఆంటీని అంత దూరం తీసుకెళ్లడం మంచిది కాదని నాన్న అన్నాడు. “నేను చూసుకుంటాలే, వెళ్లు” అంది అమ్మ, ఇంగ్లిష్‌లో, ధైర్యంగా.

పది రోజులైనా గడవలేదు. నేను స్కూల్ నుంచి వచ్చేసరికి ఇంటికి తాళం. పక్కింటావిడ నన్ను ఆసుపత్రికి తీసుకెళ్లింది. ఉదయం జోన్ ఆంటీకి నెప్పులొచ్చాయి. మగపిల్లవాడు. మధ్యాహ్నం కాకముందే పోయాడు. అంత ముందుగా పుట్టిన పిల్లల్ని బతికించే సాధనాలు అప్పట్లో మా చిన్న ఆసుపత్రిలో లేవని నాన్న తరువాత చాలాసార్లు తనలో తాను చెప్పుకున్నట్టు చెప్పేవాడు.

నేను వెళ్లేసరికి గదిలో జోన్ ఆంటీ దిండుకు ఆనుకుని కూర్చుని ఉంది. ముఖం కాగితంలా ఉంది. మంచం పక్క బల్ల మీద చిన్న రేడియో, సన్నగా ఆట వినిపిస్తోంది. నాన్న గుమ్మంలో నిలబడి ఉన్నాడు.

“వాడికి ఫోన్ చెయ్యాలి సీతా. తండ్రి కదా” అన్నాడు అమ్మతో తెలుగులో.

“ఆ పిల్ల వద్దంటోందండీ. ఆట కాస్తా అయిపోనివ్వమంటోంది.”

మా మాటలు అర్థం కాకపోయినా జోన్ ఆంటీకి సంగతి తెలిసింది. “డాక్టర్, ఇవాళ తనని ఆటలోకి దించుతారేమో అని నిన్న డెల్ చెప్పాడు. ఇప్పుడు చెబితే అన్నీ వదిలేసి వచ్చేస్తాడు. వచ్చేస్తే మళ్లీ పిలవరు” అంది ఇంగ్లిష్‌లో, ఒక్కో మాటా కూడదీసుకుంటూ.

“పిలవకపోతే మానె. రేపు తెలిశాక ఏం చెబుతావమ్మా?” అన్నాడు నాన్న.

అమ్మ వెళ్లి మంచం మీద కూర్చుని జోన్ ఆంటీ చెయ్యి తన ఒళ్లో పెట్టుకుంది. నాన్న గుమ్మం దగ్గరే ఉండిపోయాడు.

ఆట చివరికొచ్చాక రేడియోలో డెల్ అంకుల్ పేరు వినిపించింది. ఆ పేరును ఎవరో కొత్త మనిషి, అంత గట్టిగా, అన్ని వేలమంది హోరు మధ్య పలకడం నాకు విచిత్రంగా ఉంది. ఆయన ముగ్గురికి బంతి విసిరాడు. ముగ్గురినీ వెనక్కి పంపాడు. కుర్రాడు దిబ్బ దిగుతూ చెవుల దాకా నవ్వుతున్నాడని, టోపీ తీసి ఊపుతున్నాడని వ్యాఖ్యాత చెప్పాడు. జోన్ ఆంటీ ఆ మాటకు నవ్వింది. నిజంగానే నవ్వింది, నేను చూశాను. తరువాత గోడవైపు తిరిగి పడుకుంది. అమ్మ రేడియో ఆపేసింది. నాన్న ఫోన్ చెయ్యడానికి వెళ్లాడు.

మరునాడు డెల్ అంకుల్ వచ్చేసరికి చిన్న తెల్ల పెట్టె మూసేసి ఉంది. తెరవమంటారా అని అక్కడి మనిషి అడిగితే తల అడ్డంగా ఊపాడు. ఊరి శ్మశానంలో వాలు మీద, ఓక్ చెట్ల కింద పాతిపెట్టారు. టామీ అని పేరు పెట్టారు. మా ఇళ్లలో ఆడవాళ్లు అటువంటి చోట్లకు పోరు. అమ్మ వెళ్లింది. చివరిదాకా నిలబడి, ఇంటికొచ్చి తలస్నానం చేసి, ఆ రోజు అన్నం వండలేదు.

పెద్ద జట్టు ఆయన్ని మళ్లీ పిలవలేదు. ఆ చలికాలంలో మరో జట్టుకు మార్చేశారు. ఆ తరువాతి వేసవికి వాళ్లు పడమటి తీరంలో, మేజర్‌కు ఒక్క మెట్టు కింద ఉన్న లీగ్‌లో ఉన్నారు. ఆ మరుసటి ఏడు టెక్సాస్, ఆ పైన మెక్సికోలో లీగ్, చలికాలం వెనెజులాలో ఇంకొకటి. అమ్మ గోడ మీద అమెరికా పటం ముందు నిలబడి, వాళ్లున్న చోటు వేలితో వెతికి, దొరకనప్పుడు నన్ను పిలిచేది. మోచేతికి ఆపరేషన్ అయిందని ఒకసారి తెలిసింది. ఇంకోసారి జోన్ ఆంటీ అరిజోనాలో అక్క దగ్గరికి వెళ్లిపోయిందని తెలిసింది. అమ్మ ఆ రోజు ఫోన్ పెట్టేసి, చేస్తున్న ఉప్మా మాడిపోతున్నా కదలకుండా నిలబడింది.

నాకు పద్నాలుగేళ్లప్పుడు డెల్ అంకుల్ మళ్లీ మా ఊరొచ్చాడు, ఒంటరిగా. ఎక్కిన మెట్లన్నీ దిగి, అదే లీగ్‌లో, అదే మైదానంలో ఆడడానికి. జట్టు చొక్కాల రంగు మాత్రం మారింది, జట్టు వేరే యజమానుల చేతిలోకి పోయింది. కింది వాటా ఖాళీగానే ఉందని నాన్న అంటే, మోటెల్ చాలన్నాడు. ఒక ఆదివారం భోజనానికి వచ్చాడు. కణతల దగ్గర వెంట్రుకలు తెల్లబడ్డాయి. ఎడమచెయ్యి పూర్తిగా చాచలేకపోతున్నాడు. అమ్మ బెండకాయ వేపుడు చేసింది, గ్లాసు నిండా మజ్జిగ పోసింది. ఆయన అంతా తిన్నాడు, కానీ తల ఎత్తలేదు.

“జోన్‌తో మాట్లాడుతున్నావా?” అని అడిగింది అమ్మ.

“ఆ రోజు తను నా మంచికే దాచింది. నాకు తెలుసు” అన్నాడు. ఖాళీ గ్లాసు పక్కకు జరిపి మళ్లీ తనే అన్నాడు. “నా జన్మలో అంత సంతోషం నేను ఎప్పుడూ పడలేదు సీతా. వాడు పోయి ఉన్నాడు, నేను టోపీ ఊపుతున్నాను. అది ఎలా సరిచేసుకోవాలో తెలియడం లేదు.”

నాన్న లేచి వెళ్లి కిటికీ దగ్గర నిలబడ్డాడు. అమ్మ డెల్ అంకుల్ భుజం మీద చెయ్యి వేసింది. పరాయి మగవాణ్ణి అమ్మ తాకడం నేను చూసింది అదొక్కసారే.

జూలైలో జట్టు ఆయన్ని తీసేసింది. వెళ్లేముందు శ్మశానానికి వెళ్లాడని, గడ్డి కోయించి, చిన్న రాయి ఒకటి పెట్టించాడని ఊళ్లోవాళ్లు చెప్పారు. మా ఇంటికి మాత్రం రాలేదు.

తరువాత నేను కాలేజీకి పోయాను, ఉద్యోగం, పెళ్లి, పిల్లలు. నాన్న రిటైరయ్యాక అమ్మానాన్నలు నాకు దగ్గరగా ఉండాలని కాపెల్‌కు మారారు. నాన్న పోయి ఆరేళ్లయింది. ఈ ఏప్రిల్‌లో అమ్మ పోయింది. ఆ టెనెసీ ఊళ్లో జట్టు లేదు, మైదానం ఉన్నచోట అపార్ట్‌మెంట్లు లేచాయి. దుకాణంలోంచి వచ్చిన ఆ రోజే, ఇన్నాళ్లూ చెయ్యలేక వాయిదా వేస్తున్న పని చేద్దామని అమ్మ ఫోన్ లైన్ క్యాన్సిల్ చెయ్యడానికి కూర్చున్నాను. ఆ ఫోన్‌లో అమ్మ దాచుకున్న నంబర్ల మధ్య “జోను” అని కనిపించింది. కాల్ చేశాను.

ముసలి గొంతు. నేనెవరో చెప్పాను. అమ్మ సంగతి చెప్పబోతుంటే ఆవిడే అందుకుంది.

“నాకు తెలుసమ్మా. ఈ సెప్టెంబర్‌లో ఫోన్ రాలేదు.”

ప్రతి ఏడూ ఆ రోజున అమ్మ ఫోన్ చేసేదట. ఎక్కువ మాట్లాడేది కాదట. ఇవాళ టామీ పుట్టినరోజు అని మాత్రం అనేదట. నలభై ఏళ్లకు పైగా ఒక్కసారి కూడా తప్పలేదట. మా ఎవ్వరికీ ఆ సంగతి చెప్పలేదు అమ్మ. డెల్ అంకుల్ ఆర్కన్సాలో స్కూల్ బస్సు నడుపుతూ బతికి, పోయి చాలాకాలమైందని జోన్ ఆంటీ చెప్పింది.

“వచ్చే ఏడు నేను చేస్తాను ఆంటీ” అన్నాను.

“నువ్వు మంచిదానివి. కానీ నువ్వు వాణ్ణి చూడలేదు కదా” అంది. కోపంగా కాదు, ఎంతో మెత్తగా. “ఆ రోజు నా చేతులు వణుకుతున్నాయని నేనే మీ అమ్మకు ఇచ్చాను. ఆవిడ ఒళ్లోనే పోయాడు. డెల్ ఒక్కసారైనా ఎత్తుకోలేదు. సీత వెళ్లిపోయాక వాడెంత బరువుండేవాడో తెలిసినవాళ్లు ఇక నేనొక్కదాన్నే.”

ఇద్దరం ఫోన్ పెట్టెయ్యకుండా అలాగే ఉండిపోయాం.