ఆరుసార్లు ఇష్టపడి ఓటేసిన ఆంబ్రోస్

ఐర్లండ్‌కి సొంత పార్లమెంటు ఉన్న రోజుల్లో బాలీకొరిగ్ నుంచి అందులోకి ఇద్దరు సభ్యులు వెళ్లేవారు. ఊళ్లో పొగగొట్టం తిన్నగా నిలబడ్డ ఇళ్లు ముప్పై కూడా ఉండేవి కావు గానీ సభ్యులు మాత్రం ఇద్దరు. వాళ్లని ఎన్నుకునే హక్కు పదమూడు మందిది. ఆ పదమూడులో ఒకడు పోతే మిగిలిన పన్నెండు మందీ కూర్చుని మరొకణ్ణి చేర్చుకునేవారు. ఎవర్ని చేర్చుకోవాలో మిట్టమీది మేడ నుంచి ఆర్డ్‌కల్లెన్ ప్రభువు కబురు పంపేవాడు. పాపం, వాళ్లకి ఆలోచించే శ్రమ ఎందుకని.

అలా కబురు మీద చేరినవాడే ఆంబ్రోస్ టిస్‌డల్. గుర్రపు జీనులు కుట్టుకుని బతికేవాడు. ఇరవై నాలుగో ఏట చేరాడు. చేరిన మర్నాటి నుంచే అతని నడక మారిందని భార్య డోర్కస్ అనేది. బొజ్జ లేని మనిషి బొజ్జ ఉన్నవాడిలా నడవడం మొదలుపెట్టాడట.

ఎన్నిక జరిగే తీరు చూసి తీరాల్సింది. ఊరి సభాభవనం కప్పు ఎప్పుడో కూలిపోయింది కాబట్టి అందరూ ప్రభువుగారి ధాన్యపు కొట్టులో చేరేవారు. మేడ నుంచి వచ్చిన ఉత్తరం విప్పి పురపెద్ద రెండు పేర్లు చదివేవాడు. ఒక్కొక్కరే ముందుకొచ్చి, బైబిల్ మీద చెయ్యి పెట్టి, లంచం పుచ్చుకోలేదనీ, ఎవరి ఒత్తిడీ లేదనీ, తన ఇష్టంతోనే వేస్తున్నాననీ ప్రమాణం చేసి, చదివిన రెండు పేర్లే మళ్లీ పలికేవాడు. అరగంటలో దేశసేవ ముగిసేది. ఆ వెంటనే మేడ వంటింట్లో గొర్రెమాంసం. తిన్నాక, గెలిచినవాణ్ణి కుర్చీలో కూర్చోబెట్టి ఊరేగించడం ఆచారం. గెలిచినవాళ్లకి బాలీకొరిగ్ ఏ దిక్కున ఉందో కూడా తెలీదు కనక ఖాళీ కుర్చీనే భుజాలకెత్తుకునేవారు. మోసే కర్రల్లో ముందు కుడివైపుది ఆంబ్రోస్‌ది.

"ఈసారి సభ్యుడు బాగా చిక్కాడే ఆంబ్రోసూ!" అని సారాకొట్టు గుమ్మంలోంచి నెల్ డెలహంట్ కేకేసేది. "కిందటివాడికే కాస్త కండ ఉండేది!"

నెల్ కాథలిక్కు. ఆ మతం వాళ్లెవరికీ పదమూడు మందిలో చోటు లేదు. పోయేదేమీ లేదు కాబట్టి కడుపారా నవ్వేది.

ఆంబ్రోస్ ఆ నవ్వుల్ని లెక్కపెట్టేవాడు కాదు. ముప్పై ఒక్క ఏళ్లలో ఆరు ఎన్నికలు చేశాడు. జీను బాగుచేయించుకోడానికి వచ్చిన ప్రతివాడికీ, "నేను పంపినవాడు సభలో ఏమన్నాడంటే" అని మొదలెట్టేవాడు. పంపినవాడు సభలో నోరు విప్పిన దాఖలా లేదు. వచ్చినవాడికి ఆ సంగతి తెలిసే అవకాశమూ లేదు.

పద్దెనిమిది వందల సంవత్సరంలో డబ్లిన్ పార్లమెంటు తనను తానే రద్దు చేసుకుని లండన్‌లో కలిసిపోవడానికి ఒప్పుకుంది. ఇంకనుంచి బాలీకొరిగ్ లాంటి చిన్న ఊళ్లకి సభ్యులుండరు. ఇద్దరు సభ్యుల్ని ఊరు పోగొట్టుకున్నందుకు నష్టపరిహారం పదిహేను వేల పౌండ్లు. ఊరికి కాదు, ఊరి ఓటు ఎవరి సొత్తో వాళ్లకి.

ఒక పొద్దున ప్రభువుగారి వ్యవహారాలు చూసే స్వెయిన్ దొర జీనుల కొట్టుకొచ్చి, కూర్చునే ముందు బల్ల తుడిపించుకున్నాడు.

"ఆంబ్రోసూ, డబ్లిన్‌లో పరిహారం తేల్చే కమిషనర్లు కాగితం చూపిస్తే ఒప్పుకోవడం లేదు. పదమూడు మందిలో పాతవాడొకడు వచ్చి నోటితో చెప్పాలట. నువ్వే వెళ్లాలి."

"ఏం చెప్పాలి దొరగారూ?"

"ఈ ఊరి ఓటు ప్రభువుగారి సొత్తనీ, ఏనాడూ నువ్వు సొంత బుద్ధితో వెయ్యలేదనీ. రెండే ముక్కలు."

ఆంబ్రోస్ చేతిలో సూది ఆగిపోయింది.

"బైబిల్ మీదా?"

"మరి దేనిమీద? నీ తోలుముక్క మీదా?" స్వెయిన్ లేచి గుమ్మం దాకా వెళ్లి, ఇంటి దూలాల్ని ఓసారి చూశాడు. "ఈ ఇంటి కౌలు నవంబరుతో అయిపోతోంది కదూ? మంచి ఇల్లు. కొత్త కౌలు కోసం చాలామంది అడుగుతున్నారులే."

ఆ సాయంత్రం డోర్కస్ ఉడికిన బంగాళాదుంపల గిన్నె మొగుడి ముందు పెట్టి ఎదురుగా కూర్చుంది.

"చెప్పి రావయ్యా. ఉన్నమాటేగా చెప్పమంటున్నాడు."

"ఆరుసార్లు ఇదే చెయ్యి బైబిల్ మీద పెట్టి, నా ఇష్టంతో వేశానని ప్రమాణం చేశానే! ఇప్పుడదే చెయ్యి పెట్టి, ఏనాడూ కాదనాలా? రెండిట్లో ఒకటి అబద్ధం అవ్వదూ?"

"అవుతుంది. ఏది అబద్ధమో ఊరంతటికీ తెలుసు. నీకొక్కడికే తెలీదు."

"నీకు రాజకీయాలు తెలీవు."

"కౌలు తెలుసు. ఈ వయసులో మూటలు నెత్తినెట్టుకుని ఎక్కడికెళ్దామో, నీ రాజకీయాల్ని అడిగి చెప్పు."

ఆంబ్రోస్ లేచి నెల్ కొట్టుకి పోయాడు. నెల్ అంతా విని, బీరు ముంత అతని ముందుకి తోసింది.

"నాకు ఓటు లేదు, నీకుంది. ముప్పై ఏళ్లలో మనిద్దరి మాటా ఒక్కలాగే చెల్లింది కదయ్యా. దానికింత దిగులా?"

ఆ మాటతో ఆంబ్రోస్‌కి పట్టుదల వచ్చేసింది. ఇల్లు పోతే పోనీ, ఓటు తనదేనని కమిషనర్ల మొహం మీద చెప్పేస్తానని నిశ్చయించుకున్నాడు. ఆ సంగతి డోర్కస్‌తో అనే ధైర్యం మాత్రం చాలలేదు.

రెండు రోజులు బండి పైకప్పు మీద వానలో తడుస్తూ డబ్లిన్ చేరాడు. స్వెయిన్ దొర బండి లోపల కూర్చున్నాడు. మర్నాడు పొడుగాటి గదిలో ముగ్గురు కమిషనర్ల ముందు నిలబెట్టారు. ఆంబ్రోస్ ప్రమాణం చేసి, వాళ్లు అడగకముందే గొంతెత్తాడు.

"అయ్యలారా, నా ఓటు నాది! ఆరుసార్లూ నా ఇష్టంతోనే వేశాను!"

మూల కుర్చీలో స్వెయిన్ మొహం సున్నం కొట్టినట్టయింది. మధ్యలో కూర్చున్న కమిషనరు కళ్లజోడు సర్దుకున్నాడు.

"సంతోషం. ప్రభువుగారు మిమ్మల్ని ఎప్పుడైనా బలవంతపెట్టారా?"

"లేదు."

"బెదిరించారా?"

"ఒక్కనాడూ లేదు."

"ఏమైనా ఇచ్చారా?"

"గొర్రెమాంసం పెట్టించేవారు. అదీ ఓటేశాకే."

"ఎవరికి వెయ్యాలో మీకెలా తెలిసేది?"

"ఉత్తరం వచ్చేదండీ."

"ఆ ఉత్తరంలో పేర్లు కాకుండా ఇంకో పేరు మీ మనసుకి ఎప్పుడైనా తోచిందా?"

ఆంబ్రోస్ నోరు తెరిచాడు. ఒక పేరు, ఏదో ఒక పేరు దొరక్కపోతుందా అని ఆరు ఎన్నికల్నీ వెనక్కి తిప్పి వెతికాడు. ధాన్యం వాసన గుర్తొచ్చింది. మాంసం మీది మిరియాల పొడి గుర్తొచ్చింది. మనిషి పేరు ఒక్కటీ రాలేదు. అబద్ధమాడదామంటే చెయ్యి ఇంకా బైబిల్ మీదే ఉంది.

"తోచలేదండీ."

"ఒక్కసారి కూడా?"

"మంచివాళ్లనే రాసేవారండీ."

"మీరు వాళ్లని చూశారా?"

"చూడలేదండీ."

ముగ్గురూ ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. మధ్యలో కూర్చున్నాయన గుమస్తా వైపు తిరిగి చాలా మర్యాదగా అన్నాడు.

"రాసుకోండి. బెదిరించాల్సి వచ్చిందంటే ఓటు ఎంతోకొంత ఓటరు దగ్గర ఉన్నట్టు. ఇక్కడ ఆ అవసరమే పడలేదు. ఇంత చిక్కులేని సొత్తు మన ముందుకి ఇంతవరకూ రాలేదు. మొత్తం పరిహారం ప్రభువుగారికే."

బయట మెట్ల మీద స్వెయిన్ దొర పరిగెత్తుకొచ్చి ఆంబ్రోస్‌ని కౌగిలించుకున్నంత పని చేశాడు.

"నా గుండె ఆగినంత పనైంది! అలా మొదలెట్టి ఇలా తేలుస్తావని ఎవడనుకున్నాడు? నేను చెప్పమన్నది వల్లిస్తే ఇందులో సగం కూడా నమ్మేవాళ్లు కాదు!" అని అక్కడికక్కడే, డోర్కస్ బతికున్నంత కాలం చెల్లేలా కౌలు రాయించాడు.

కౌలు చూసి డోర్కస్ మళ్లీ పెళ్లయినంత సంబరపడింది. నెల్ మాత్రం ఊరుకోలేదు.

"ఎదురు చెప్పావా?"

"చెప్పాను."

"మరి ఇల్లెందుకు రాసిచ్చాడు?"

ఆంబ్రోస్ ముంత పూర్తిచెయ్యకుండానే లేచి వెళ్లిపోయాడు. ఆ తర్వాత తన జీనుల కొట్టుకొచ్చినవాళ్లకి సభ కబుర్లు చెప్పడం మానేశాడు. తోలు నల్లగా ఉండాలా, ఎర్రగా ఉండాలా అని ఎవరైనా అతని సలహా అడిగితే, ఆ చిన్న ప్రశ్నకే చాలాసేపు కూర్చుండిపోయేవాడు.

మరుసటి ఈస్టరుకి చర్చి వ్యవహారాలు చూసే పెద్దని ఎన్నుకోడానికి ఊరివాళ్లు చేరారు. పాస్టరుగారు ఎప్పట్లాగే ఒక పేరు చదివి, ఎప్పట్లాగే పుస్తకం మూయబోయాడు. వెనక బల్ల దగ్గర ఆంబ్రోస్ లేచి నిలబడ్డాడు.

"నేనొప్పుకోను."

గదిలో తలలన్నీ తిరిగాయి. డోర్కస్ అతని కోటు పట్టుకుని కిందికి లాగింది. అతను కూర్చోలేదు.

"ఎందుకొప్పుకోవు టిస్‌డల్?" అన్నాడు పాస్టరు. "పోనీ, ఎవరు కావాలి నీకు?"

ఆంబ్రోస్ నుదుటి మీద చెమటలు పట్టాయి. పెదాలు కదిపాడు, ఆపాడు, మళ్లీ కదిపాడు.

"అది ఆలోచిస్తున్నానండీ," అన్నాడు. "కాస్త టైమివ్వండి. అలవాటు లేదు."