ప్లే డే డ్యూటీ

మా బెల్లంపల్లిలో ప్లే డే అంటే ఆట కాదు. ఆదివారం బొగ్గుబాయికి సెలవు. సెలవైనా కొందరు దిగక తప్పదు, నీళ్లు తోడే పంపుల దగ్గరివాళ్లు, మరమ్మతులవాళ్లు. ఆ డ్యూటీనే ప్లే డే అంటారు. దానికి రెండింతల జీతం. సెలవు పూట మనిషిని భూమిలోకి దింపి దానికి ఆట అని పేరు పెట్టినవాడెవడో గాని, వాడి గుండెను మెచ్చుకోవాలి. మా బాపు ఉద్యోగం చేసినన్నాళ్లూ ప్లే డేలు అడిగి మరీ చేశాడు. నా ఇంజినీరింగు చదువు చాలామటుకు ఆ ఆదివారాల మీదే నడిచింది.

ఇప్పుడు బాపు రిటైరయ్యాడు. అవ్వ, అంటే మా అమ్మ, పోయింది. ఇంట్లో మేమిద్దరమే. నేను ఇంటి నుంచే పని చేస్తాను. హైదరాబాదులోని ఒక డిజైన్ ఆఫీసు నాకు జీతమిస్తుంది, ఆ ఆఫీసుకు యూరప్‌లోని ఒక రేసు టీము పని ఇస్తుంది. ఒక్క మనిషే పట్టే, చక్రాలు బయటికి కనిపించే ఫార్ములా కారు వాళ్లది. ఆ కారంతా నేనే చేస్తానని చుట్టాలు చెప్పుకుంటారు. నిజానికి నా వంతుకు వచ్చింది కారు అడుగు పలక అంచులో మూరెడు ముక్క. పలక కింద దూసుకుపోయే గాలి కారును నేలకు గుంజి పెడుతుంది. ఆ గాలి పక్కలకు జారిపోకుండా చూడడం అంచు పని. నెలల తరబడి ఆ వంపును గీశాను, చెరిపాను, మళ్లీ గీశాను. వెంట్రుకవాసి మారితే లెక్కంతా మారిపోయేది. ఒకసారి బాపుకు చూపిస్తే, "నాది కిందపనే, నీది కిందపనే" అని నవ్వాడు.

సీజన్ మొదలైంది, మా కారు పరువు తీసింది. తిన్నని దారిలో వేగం అందుకోగానే ఎగిరెగిరి పడేది. అడుగు నేలకు మరీ దగ్గరైతే కింద గాలి ఆడదు, పట్టు తప్పి కారు లేస్తుంది. లేవగానే గాలి మళ్లీ పట్టుకుని కిందికి లాగుతుంది. లోపల డ్రైవరు తల ఊగుతుంటే నాకు నా మూరెడు ముక్క మీదే అనుమానం. ఆఫీసులో ఎవరూ నన్ను ఏమీ అనలేదు. ఆదివారం రేసు చూడమని కూడా ఎవరూ అడగలేదు, శుక్రవారం దాకా పని చేస్తే చాలు. నాకే మనసు ఆగలేదు.

యూరప్ రేసులు మనకు సాయంత్రం వస్తాయి. మా చర్చిలో ఆరాధన కూడా సాయంత్రమే. ప్లే డే మొదటి షిఫ్టు ముగించుకుని వచ్చేవాళ్ల కోసం ఎప్పుడో పెట్టిన వేళ అది, బాయిలు మూతపడినా మారలేదు. లోపలి మిషన్ల మోతకు బాపు చెవులు దెబ్బతిన్నాయి. చెవి మిషను కొనిస్తే గుయ్యిమంటుందని తీసి పెట్టేశాడు. మా దగ్గర ఆడవాళ్లు ఒక పక్క, మగవాళ్లు ఒక పక్క కూర్చుంటారు కాబట్టి, అవ్వ ఉన్నప్పుడు కూడా పాస్టరు గారి మాటలు బాపు కుడి చెవిలో మళ్లీ చెప్పే పని నాదే. వారమంతా బాపు ఎదురుచూసేది దాని కోసమే.

ఆ ఆదివారం బాపు తెల్లచొక్కా వేసుకుని నా గది గుమ్మంలోకి వచ్చాడు. స్క్రీన్ మీద కార్లు బారులు తీరి ఉన్నాయి.

"ఇయ్యాల గూడ డ్యూటీయేనా?"

తల ఊపాను.

"ప్లే డేనా?"

మళ్లీ ఊపాను.

"అందరికిస్తరా, నీకేనా?"

"నాకే," అన్నాను, వినపడేలా గట్టిగా.

బాపు ముఖం వెలిగిపోయింది. ప్లే డే అడిగిన ప్రతివాడికీ దొరకదు, పని తెలిసినవాడికే ఇస్తారు. "మంచిగ చెయ్యి బిడ్డా. నా ఫికర్ జెయ్యకు, ఆటోల పోత," అన్నాడు. అబద్ధం ఆడితే అతికినట్టుండాలంటారు. నాకు అతికించే శ్రమ కూడా లేకుండా బాపే అతికించి పెట్టాడు.

ఇక ప్రతి రేసుకూ అదే తంతు. పోయే ముందు చాయ్ ఫ్లాస్కు నా బల్ల మీద పెట్టేవాడు. వాకిట్లో పిల్లలు అరుస్తుంటే, "లోపల ప్లే డే నడుస్తున్నది, సప్పుడు జెయ్యకుండ్రి" అని తరిమేవాడు. తిరిగొచ్చాక ఏం చెప్పారని అడిగితే, "మంచిగనే చెప్పిండు" అనేవాడు, అంతే. పక్కవాళ్ల పుస్తకంలోకి తొంగి చూసి ఏ పాటో తెలుసుకుంటున్నాడని చర్చికి వచ్చే ఒకాయన నాతో అన్నాడు. సిగ్గుతో చచ్చిపోయాను. అయినా తరువాతి రేసుకు మళ్లీ ఆ కుర్చీలోనే కూర్చున్నాను.

సీజన్ సగంలో అడుగు పలక కొత్తది వచ్చింది. అంచులో నా ముక్క కూడా మారింది. ఎగరడం తగ్గింది, ఒక రేసులో మా కారు మూడో స్థానంలో నిలిచింది. గదిలో ఒక్కడినే గంతులేశాను. ఆ సంతోషం పంచుకోవడానికి ఇంట్లో ఉన్న ఒక్క మనిషినీ నేనే ఆటో ఎక్కించి పంపాను.

ఆ తరువాతి రేసులో, మొదటి మలుపులోనే ఇంకో కారు తగిలి మా కారు గోడకు గుద్దుకుంది. డ్రైవరు క్షేమంగా దిగి నడుచుకుంటూ పోయాడు. నాకిక చూడటానికి ఏమీ మిగల్లేదు. అప్పుడు స్కూటర్ తీసి చర్చికి బయలుదేరాను. కారు నడుస్తూ ఉంటే పోయేవాడిని కాదు.

గేటు దగ్గరికే బాపు గొంతు వినిపించింది. చెవులు పోయినవాళ్లకు తమ గొంతు అంచనా ఉండదు. లేచి నిలబడి, కళ్లు మూసుకుని ప్రార్థన చేస్తున్నాడు.

"ప్రభువా, నా బిడ్డ ప్లే డే మీదున్నడు. దిగినోడు దిగినట్టే పైకి రావాలె. చేతికి, కాలికి ఏం గావద్దు."

బాయి దిగినవాళ్ల కోసం ఇళ్లలో చేసే ప్రార్థన అది. నా చిన్నప్పుడు బాపు కోసం అవ్వ ఇవే మాటలు అనేది. సంఘమంతా లేచి ఆమెన్ అంది. బాయిలోకి దిగిన భర్తలు మళ్లీ పైకి రాని ఆడవాళ్లు కూడా ఉన్నారు వాళ్లలో. కుర్చీలో చాయ్ తాగుతూ కూర్చున్న నా క్షేమం కోసం వాళ్లు కళ్లు మూసుకున్నారు.

నిజం చెప్పేద్దామనే లోపలికి అడుగు పెట్టాను. కానీ బాపుకు ఏదైనా చెప్పాలంటే అరిచి చెప్పాలి, అందరూ వింటారు. ఆయన కళ్లు తెరిచి నన్ను చూశాడు.

"ప్లే డే ఇడిసిపెట్టి వచ్చినవా? మరి మస్టర్?"

"పోతే పోనీ బాపు, హాజరు ఒక్కటేగదా," అన్నాను.

బాపు అందరి వైపు తిరిగాడు. "నా కోసం ప్లే డే ఇడిసిపెట్టి వచ్చిండు," అని చెప్పాడు. నన్ను పక్కన కూర్చోబెట్టుకుని కుడి చెవి నా వైపు తిప్పాడు. పాస్టరు గారు తీసి పెట్టుకున్న వాక్యం పక్కన పెట్టి నా గురించే మొదలుపెట్టారు.

"ఏమంటుండు పాస్టరయ్య? జర చెప్పు," అని బాపు నా మోచెయ్యి లాగాడు.

ఆయన చెవికి నోరు దగ్గర పెట్టాను. "రెండింతల జీతం వదులుకొని తండ్రి పక్కన కూర్చునే కొడుకును ఇచ్చినందుకు దేవునికి స్తోత్రం," అని ఒక్కొక్క మాటా నా నోటితోనే చెప్పాను.

బాపు అందరికంటే గట్టిగా ఆమెన్ అన్నాడు.