అమ్మ ముఖం మీద నేను పరిచిన చీకటి

లైట్లకు డబ్బుల్లేకనే మా మొదటి దెయ్యం సినిమా అంత చీకటిగా వచ్చిందని, ఆడపిల్ల చేతికి కెమెరా ఇస్తే అంతకన్నా ఏమొస్తుందని మావాళ్ళు ఈనాటికీ చెప్పుకుంటారు. శుద్ధ అబద్ధం. డబ్బుల్లేని మాట నిజమే. చీకటి మాత్రం నేను కోరి పెట్టుకున్నది.

ఇప్పుడెందుకీ గొడవంటే, మొన్న సోనారిలో, మా తమ్ముడింట్లో, వాడి కూతురు పడీపడీ నవ్వుతూ, "అత్తా, యే దేఖో, నానమ్మ భూత్ బనీ హై!" అని, దెయ్యం వేషంలో ఉన్న నానమ్మను చూడమంటూ ఫోను నా ముక్కుకి ఆనించింది.

నా ఈడువాళ్ళకు గుర్తుండే ఉంటుంది, ఉక్కు కార్ఖానావాళ్ళు కరిగిన స్లాగు, అదే ఇనప చిట్టెం, ఒంపినప్పుడల్లా సందెవేళ ఆకాశం ఎర్రబడి, మా బిర్సానగర్ ఇళ్ళ గోడలు కాసేపు కుంపట్లలా రాజుకుని ఆరిపోయేవి. మేం అద్దెకు తెచ్చుకోలేని లైటు అదే. మా బావ, మేనత్త కొడుకు, దర్శకుడు, నేను కెమెరా, దెయ్యానికి మనిషి దొరక్క మేం అమ్మ కాళ్ళావేళ్ళా పడితే, తను మా ఇద్దరినీ ఎదురుగా కూర్చోబెట్టుకుని ఒకటే షరతు పెట్టింది: "కడతాను గాని, నా మొకం అగుపడనీకండి. దెయ్యమేసం కట్టినదాన్ని పేరంటానికి ఎవులు పిలుత్తారు?"

అందుకే అమ్మను కిటికీకి వీపుపెట్టి నిలబెట్టి, ఆ ఎర్రటి వెలుగు జుట్టు అంచునా పమిట కొంగునా తప్ప ఇంకెక్కడా పడకుండా తీశాను. భాలుబాసా పేటలో సినిమా వేసినరోజు, పక్కన కూర్చున్నది దెయ్యమేనని తెలియక మా పొరుగావిడ భయంతో అమ్మ చెయ్యే గట్టిగా పట్టుకుంది. ఆ సంగతి చెప్పుకుని అమ్మ నెల్లాళ్ళు మురిసింది.

ఆ ధైర్యంతోనే తర్వాత చిన్నాచితకా దెయ్యం సినిమాలు చాలా తీశాను. పోనుపోను అందరూ వెలుతురు పెంచమనేవాళ్ళే; నేను వాదించేదాన్ని, వాళ్ళు పిలవడం మానేశారు. ఇప్పటి కెమెరాలు చీకట్లో చీమనైనా పట్టేస్తాయి. దాచడం కూడా పనితనమేనని ఎవరికి చెప్పను? పెళ్ళి వీడియోల్లో ముత్తైదువుల మొహాల మీద తెల్లటి లైటు కొట్టి బతుకుతున్నాను.

ఇప్పుడు మా బావ ఆ పాత సినిమాను, నాతో మాటమాత్రమైనా అనకుండా, వెలుతురు పెంచి లోకం మీదికి వదిలాడు. నిలదీస్తే, "ఫోన్లో ఏటీ అగుపడట్నేదే, నీ చీకటి ఎవుడు చూత్తాడు?" అన్నాడు. ఆ చీకట్లో ఏముందో ఇన్నాళ్ళూ మాకు మాత్రమే తెలుసు. ఎవరికీ కనబడనన్న ధీమాతో అమ్మ, పౌడరు మెత్తిన మొహంతో, బాగా చేస్తున్నానా అన్నట్టు నావైపు చూసి నవ్వుతోంది. దాన్ని చూసే ఇప్పుడు ఊరూవాడా నవ్వుతున్నారు.

అమ్మ కూడా చూసింది. "నువ్వు తీసినప్పుడు చీకటిగానే ఉంది గదే?" అని అడిగింది. పేరంటాలకు పిలుపులు ఆగాయో లేదో తెలియదు, తనే వెళ్ళడం మానేసింది.

బావా, అమ్మ చేతి ముద్దలు తిని పెరిగినవాడివి, ఆమె మాట తీసుకున్నప్పుడు నా పక్కనే ఉన్నవాడివి. వెలుతురు పెంచుతుంటే ఆ నవ్వు నీకు కనబడలేదా, కనబడ్డాకే ఇంకాస్త పెంచావా?