డోరతీ చెవిలో నా గొంతు

2023 అక్టోబరు. జర్మనీలోని కొలోన్‌లో ఆడియో పుస్తకాలు రికార్డు చేసే ఒక చిన్న స్టూడియోలో నేను సౌండ్ ఇంజినీరుగా చేరి అప్పటికి నాలుగేళ్లవుతోంది. మాది హన్మకొండ. డెగ్గెన్‌డార్ఫ్‌లో మీడియా టెక్నాలజీ చదివి ఈ పనిలోకి వచ్చాను. నా ఉద్యోగం ఏమిటో ఇంటి దగ్గర చెప్పి ఒప్పించడం ఇప్పటికీ కష్టమే. "ఎవరో చదువుతుంటే కూసోని వినుడు. దానికి జీతం గూడ ఇస్తరా?" అని మా మేనమామ ఒకసారి అడిగాడు. ఇస్తారని చెప్పాను కానీ ఆయన నమ్మినట్టు లేదు.

ఆయన అన్నదాంట్లో తప్పేం లేదు. గాజు కిటికీకి అటువైపు బూత్‌లో ఒక మనిషి చదువుతుంటారు. ఇటువైపు కూర్చుని నేను వింటుంటాను. చదివేవాళ్ల కడుపులో గుడగుడ, కుర్చీ కిర్రుమనడం, నోరు ఎండినప్పుడు నాలుక చేసే టిక్కు టిక్కు, అన్నిటికంటే ఎక్కువగా కాగితం తిప్పిన చప్పుడు, ఇవన్నీ పట్టుకోవాలి. పట్టుకున్నచోట ఆపి మళ్లీ చదివించాలి. కథ మీద మనసు పోతే ఇవి వినపడవు. అందుకే చాలా పుస్తకాలు మొదటి నుంచి చివరి దాకా విని కూడా వాటిలో ఏముందో నేను చెప్పలేను.

డోరతీ గారి పుస్తకం అలా కాలేదు. అది ఆమె అసలు పేరు కాదు, ఇక్కడ అలా పిలుస్తాను. డెబ్బై మూడేళ్ల అమెరికన్. నెబ్రాస్కాలో గోధుమ పండే ఒక చిన్న ఊళ్లో పుట్టి, న్యూయార్క్‌లో హోటల్లో ప్లేట్లు మోస్తూ నటన నేర్చుకుని, తర్వాత ఒక టీవీ సీరియల్లో నర్సు వేషంతో ఏళ్ల తరబడి ఇంటింటికీ తెలిసిన మనిషి అయ్యారు. ముప్పై ఆరో ఏట ఆ వేషం పోయింది. ఒక నాటక బృందంతో జర్మనీ వచ్చి, ఇక్కడి థియేటర్లో సెట్లు కట్టే వడ్రంగి యూర్గెన్‌ను పెళ్లి చేసుకుని ఇక్కడే ఉండిపోయారు. ఆ తర్వాత నవలలు రాశారు. ఇప్పుడు తన జీవితకథ ఇంగ్లీషులో రాసి, దాన్ని తన గొంతుతోనే చదవడానికి మా స్టూడియోకి వచ్చారు.

మొదటి వారం నాకు పండగలా గడిచింది. ఆమె చదువుతుంటే ఆపాల్సిన అవసరమే రాలేదు. ఊపిరి ఎక్కడ తీసుకోవాలో, మాట ఎక్కడ విరవాలో ఆమెకు ఒంట్లోనే ఉంది. కాగితాలు స్టాండు మీద పెట్టుకునేవారు, ఒక్కసారి కూడా చప్పుడయ్యేది కాదు. ఇంత మెత్తగా పేజీ తిప్పే మనిషిని నేను చూడలేదని మా ప్రొడ్యూసర్ సబీనతో గొప్పగా చెప్పాను.

పదిరోజుల తర్వాత, అప్పటిదాకా పంపిన అధ్యాయాల మీద ప్రచురణ సంస్థ నుంచి జవాబు వచ్చింది. మా పనిలో ప్రూఫ్ లిజనర్ అని ఒకరుంటారు. పుస్తకం ముందు పెట్టుకుని రికార్డింగును మాట మాటకీ పోల్చి వింటారు. డోరతీ గారు పుస్తకంలో ఉన్నది ఉన్నట్టు చదవడం లేదని ఆ మనిషి రాశారు. 'వంటింట్లో' అని ఉన్నచోట 'మా వంటింట్లో' అన్నారు. రెండు వాక్యాల్లో ముందుది వెనక్కి, వెనకది ముందుకి వచ్చాయి. ఒకచోట చిన్న పేరా మొత్తం ఎగిరిపోయింది. సొంత పుస్తకమే కదా, మారిస్తే ఏం అనిపించవచ్చు. కానీ ఇప్పుడు ఈ-పుస్తకం తెర మీద అక్షరాలు కదులుతుంటే గొంతు వాటితోపాటు నడవాలి, మాట తేడా వస్తే రెండూ విడిపోతాయి. సరిదిద్దకపోతే వేరే గొంతుతో చదివిస్తామని ప్రచురణకర్తలు తేల్చి చెప్పారు. సబీన అప్పటికే ఇంకో నటి చేత నమూనా తెప్పించిపెట్టింది. ఆ విషయం నాకు మాత్రమే చెప్పింది.

తప్పు దొర్లిన వాక్యాలను విడిగా మళ్లీ చదివించి అతికించడాన్ని పికప్ అంటారు. ఆ సోమవారం డోరతీ గారిని పికప్‌ల కోసం పిలిచాను. ఫలానా పేజీ, మూడో పేరా, రెండో వాక్యం అని మైకులో చెప్పాను. జవాబు లేదు. కాగితాలు కదిలిన చప్పుడు మాత్రం వచ్చింది, ఆమె రికార్డింగులో ఆ చప్పుడు వినడం నాకు అదే మొదటిసారి. వెలుతురు చాల్లేదన్నారు. లైటు పెంచాను. కళ్లజోడు మార్చుకున్నారు. మళ్లీ నిశ్శబ్దం. లేచి బూత్‌లోకి వెళ్లి చూస్తే, ఆమె చేతిలో ఉన్నది వేరే అధ్యాయం.

"తలుపు వెయ్యి, శ్రీకాంత్," అన్నారు. వేశాను.

రెండేళ్లుగా తన చూపు మధ్యలోంచి కరిగిపోతోందని చెప్పారు. అంచులు కనిపిస్తాయట, నడిమి భాగమే లేదట. "నీ చెవులు తెలుస్తాయి, భుజాలు తెలుస్తాయి. ముఖం ఉండాల్సిన చోట బూడిదరంగు మరక ఉంటుంది. నువ్వు ఎట్లా ఉంటావో నాకు ఇంతవరకూ తెలీదు."

మరి ఇన్నాళ్లూ చదివిందేమిటని అడిగాను. సాయంత్రాలు యూర్గెన్ ఒక్కో అధ్యాయం బిగ్గరగా చదివి వినిపిస్తే, నాటకంలో పాఠం పట్టినట్టు బట్టీ పట్టి వచ్చేవారట. ఒక అధ్యాయం మొత్తం కంఠతా! నేను మెచ్చుకున్న ఆ నిశ్శబ్దం, పేజీ తిప్పకపోవడం వల్ల వచ్చిందే. కానీ ఎక్కడెక్కడివో వాక్యాలు తెచ్చి ముందుపెడితే బట్టీ పట్టిన మనిషి ఏం చేస్తుంది?

ఎందుకు దాచారని నేను అడగలేదు, ఆమే చెప్పారు. "నా బదులు వేరే మనిషిని పెట్టడం నేను ఒకసారి చూశాను. కళ్లు పోయాయని తెలిస్తే మళ్లీ అదే జరుగుతుంది. సబీనకి చెప్పకు."

నేనుగా ఎవరికీ చెప్పననీ, కానీ సబీన సూటిగా అడిగితే అబద్ధం చెప్పలేననీ అన్నాను. మీరే చెబితే మంచిదని కూడా అన్నాను. ఆమె కాసేపు నా వైపు, అంటే నా పక్కకి, చూస్తూ కూర్చుని, రేపు పొద్దున వస్తానని లేచారు. బయట కారిడార్లో యూర్గెన్ కోటు పట్టుకుని నిలబడి ఉన్నాడు. ఆమె చెయ్యి అతని మోచేతి మీద పడిన తీరు చూశాను. ఇన్ని రోజులుగా అది ముసలి దంపతుల ముచ్చట అనుకున్నాను కానీ అదే ఆమెకు దారి అని అప్పుడు అర్థమైంది.

ఆ సాయంత్రం అన్నం తింటుంటే, పేరు చెప్పకుండా మా ఆవిడ స్రవంతికి సంగతి చెప్పాను. ఆమె ఒక కీటాలో, అంటే ఇక్కడి శిశువిహార్‌లో, చిన్నపిల్లల్ని చూసుకుంటుంది, చదవడం రాని వయసు పిల్లల చేత రోజూ పాటలు పాడిస్తుంది. నేను అంత దిగాలు పడటం ఆమెకు వింతగా తోచింది.

"కండ్లు కనవడకపోతే గొంతుకేమైతది? మా పోరగాళ్లకు అక్షరమన్నా రాదు. నేనంటుంటే వాళ్లంటరు," అంది.

మర్నాడు డోరతీ గారు, యూర్గెన్ ఇద్దరూ వచ్చారు. ఆమె నేరుగా సబీన గదిలోకి వెళ్లి ఉన్నదంతా చెప్పేశారు. తర్వాత నన్ను లోపలికి పిలిచారు. సబీన మనసున్న మనిషే కానీ లెక్క మనిషి కూడా. ఆమె ముఖంలో కోపం లేదు, బరువుంది. టెక్నికల్‌గా దీనికి దారేదైనా ఉందా అని నన్ను అడిగింది. నా కంటే ముందు డోరతీ గారే అందుకున్నారు. సీరియల్ రోజుల్లో ఒక పెద్ద వయసు నటుడికి డైలాగులు గుర్తుండేవి కావట. అతని చెవిలో బఠాణీ గింజంత రిసీవర్ పెట్టి, పక్కగదిలోంచి ఒక అమ్మాయి చదువుతుంటే, అతను విని వెంటనే నటించేవాడట.

"ఆయన అలా వింటూనే ఏడిపించేవాడు మమ్మల్ని," అన్నారు డోరతీ గారు. "నన్ను కూడా ప్రయత్నించనివ్వండి. కుదరకపోతే నేనే తప్పుకుంటాను."

స్టూడియోలో టాక్‌బ్యాక్ ఎలాగూ ఉంటుంది. అంటే నా గదిలోంచి నేను మాట్లాడితే బూత్‌లో ఉన్నవాళ్ల హెడ్‌ఫోన్‌లో వినపడే ఏర్పాటు. స్రవంతి నిన్న అన్న మాట నా తలలో ఇంకా తిరుగుతూనే ఉంది. చేయొచ్చన్నాను. సబీన ఒక్క అధ్యాయానికి ఒప్పుకుంది. అది బాగా వస్తే ఇంకో నటి నమూనా ప్రచురణకర్తలకు పంపనవసరం లేదు.

ముందు యూర్గెన్ చేత చదివించాం, ఆమెకు అలవాటైన గొంతని. రెండు వాక్యాలు చదివి ఆగి, "ఇది ఇలా జరగలేదే, ఆరోజు వాన లేదు," అన్నాడు. మళ్లీ రెండు వాక్యాలకు ఇంకో అభ్యంతరం. లోపల డోరతీ గారు నవ్వు ఆపుకోలేకపోయారు. ఇక ఇది అయ్యే పని కాదని అతన్ని కాఫీకి పంపి నేను కూర్చున్నాను.

నా ఇంగ్లీషు హన్మకొండ ఇంగ్లీషు. అమెరికన్ నటి జీవితాన్ని ఆమె చెవిలోనే చదవాలంటే నోరు ఎండిపోయింది. సినిమాలో లాగా కాస్త భావం పెట్టి మొదలుపెట్టాను. ఆమె వెంటనే ఆపారు.

"నువ్వు నటించకు. రైలు ఇవాళ వేరే ప్లాట్‌ఫాం మీదికి వస్తుందని స్టేషన్లో చెప్తారు చూడు, అట్లా చదువు. మిగతాది నా పని."

స్టేషన్ అనౌన్స్‌మెంటులాగే చదివాను. మొదట మరీ పొడుగు వాక్యాలిచ్చాను, సగం ఎగిరిపోయాయి. మరీ చిన్న ముక్కలు చేస్తే ఆమె మాటలో వరస పోయింది. ఆమె ఊపిరి తీసుకునే చోటు ఎక్కడో చూసి అక్కడికి ముక్క చేయడం నేర్చుకున్నాను. అంతలో ఇంకో చిక్కు. హెడ్‌ఫోన్‌లోంచి నా గొంతు బయటికి కారి ఆమె మైకులో పడుతోంది. దీన్ని బ్లీడ్ అంటాం. పెద్ద హెడ్‌ఫోన్ తీసేసి, చెవిలో బిగుతుగా దిగే చిన్న ఇయర్‌ఫోన్ ఒక్కటే పెట్టి, నేను గొంతు తగ్గించి చదివితే అదీ పోయింది.

మేం తీసుకున్న అధ్యాయం ఆమె సీరియల్లోంచి పోయిన అధ్యాయమే. వరసలో తర్వాత ఉన్నది అదే. ముప్పై ఆరేళ్లు రాగానే, సెలవులయ్యాక ఆమె షూటింగ్‌కి వెళ్తే మేకప్ గదిలో ఆమె కుర్చీలో ఒక పాతికేళ్ల అమ్మాయి కూర్చుని ఉంది. నర్సు సెలవుల్లో కారు ప్రమాదంలో చనిపోయిందని, ఆమె చోట కొత్త నర్సు వచ్చిందని కథ మార్చేశారు. ఎవరూ ముందు చెప్పలేదు. ఆ అమ్మాయి భయపడి లేవబోతే డోరతీ గారే ఆమె భుజం మీద చెయ్యి వేసి కూర్చోబెట్టి, జుట్టు ఎలా పెడితే లైటు కింద బాగుంటుందో చెప్పి బయటికొచ్చారట. బయట పార్కింగ్‌లో తన కారు ఏదో గుర్తురాక చాలాసేపు తిరిగారట.

ఆ కారు దగ్గరికొచ్చేసరికి చదవలేకపోయాను. నాలుగేళ్లలో ఎప్పుడూ అలా జరగలేదు, కథలు నాకు వినపడవని అనుకునేవాణ్ణి. గాజు అవతల ఆమె తల కొంచెం వంచి, ఎదురుచూస్తూ ఉండిపోయారు. "ఫర్వాలేదు. మళ్లీ ఇవ్వు," అన్నారు మెల్లగా. ఇచ్చాను. నేను స్టేషన్ గొంతుతో ఇచ్చిన ఆ వాక్యాన్ని ఆమె చెబుతుంటే, నిన్ననే జరిగినట్టుంది. బట్టీ పట్టి చదివిన అధ్యాయాల్లో ఇంత ప్రాణం లేదు. అప్పుడామె గుర్తుంచుకోవడానికి సగం శక్తి ఖర్చు చేసేవారు కాబోలు. ఇప్పుడా శక్తంతా మాటలోకి వస్తోంది.

అధ్యాయం పంపాం. జవాబు వచ్చేదాకా నాకు నిద్ర సరిగా పట్టలేదు. శుక్రవారం మధ్యాహ్నం సబీన తన కంప్యూటర్ తెర నావైపు తిప్పింది. ప్రూఫ్ లిజనర్ ఒకే ఒక్క తప్పు రాశారు. అధ్యాయం చివర నాన్న వెస్ట్ తొడుక్కుని గుమ్మంలో నిలబడ్డాడని ఉండాల్సిన చోట, ఆయన పడమర దిక్కును తొడుక్కున్నట్టు వినిపిస్తోందట. ఇంగ్లీషులో చొక్కా మీద వేసుకునే వెస్ట్‌కీ, పడమరకీ మొదటి అక్షరం పలికే తీరు వేరు. మాకు రెండూ ఒకటే. నా హన్మకొండ ఉచ్చారణ డోరతీ గారి చెవిలోంచి నోట్లోకి వచ్చేసింది.

ఫోన్ చేసి చెప్పాను. అవతల ఇద్దరూ స్పీకర్లో వింటున్నారు. యూర్గెన్ నవ్వేశాడు. డోరతీ గారు మాత్రం, "అయితే వేరే ఎవరూ రావడం లేదా?" అని అడిగారు. రావడం లేదు, సోమవారం పది గంటలకు రికార్డింగు మీదే అన్నాను. ఆమె పెద్దగా ఊపిరి వదిలారు. ఆ చప్పుడు విన్నాక నా భుజాలు కూడా కిందికి దిగాయి, ఇన్నిరోజులు బిగబట్టుకుని ఉన్నానని నాకే తెలియదు.

పుస్తకం మొత్తం అలాగే పూర్తిచేశాం. ముందు రికార్డు చేసిన అధ్యాయాలు కూడా మళ్లీ చేశాం. చూపు సంగతి ప్రచురణకర్తలకు ఆమే చెప్పారు. వాళ్లు అభ్యంతరం పెట్టలేదు, ముందే చెప్పి ఉంటే బాగుండేదని మాత్రం అన్నారు. ఆమె ఇప్పుడు ఇంకో నవల చెబుతూ రాయిస్తున్నారని విన్నాను.

ఈ పుస్తకం తర్వాత నా పనిలో ఒక అలవాటు వచ్చింది. ఇదివరకు కొత్తవాళ్లు బూత్‌లోకి రాగానే కాగితాలు స్టాండు మీద పెట్టేసేవాణ్ణి. ఇప్పుడు అలా పెట్టను. పాఠం మీకు ఎలా అందితే బాగుంటుంది, కాగితమా, తెరా, చెవిలోనా అని మొదటే అడుగుతాను. చాలామంది కాగితమంటారు. మొన్న చలికాలంలో ఒక యువనటుడు వచ్చాడు, రేడియో నాటకాల్లో మంచి పేరున్నవాడు. అదే ప్రశ్న అడిగాను. అతను కోటు విప్పుతూ ఆగిపోయాడు. చిన్నప్పటి నుంచీ తనకు అక్షరాలు తిరగబడి కనిపిస్తాయనీ, ప్రతి రికార్డింగుకీ ముందు రెండు రోజులు ఒక్కో వాక్యం కూడబలుక్కుంటూ కూర్చుంటాననీ నెమ్మదిగా చెప్పాడు.

"చెవిలో ఇవ్వగలరా నిజంగా?" అన్నాడు.

ఇస్తానన్నాను. అతను కోటు కొక్కేనికి తగిలించి, స్టాండును పక్కకి జరిపి, కుర్చీలో వెనక్కి వాలి కూర్చున్నాడు.