మూడో రీలులోని పెళ్ళి

అమెరికాలో సియాటిల్ దగ్గరి బాతెల్‌లో నేను పనిచేసే ల్యాబ్‌లో గాజు సామాను కడిగి ఆరబెట్టే పని సోఖా ఆంటీది. కంబోడియా ఆవిడ, వయసు అరవై దాటింది. మధ్యాహ్నం మేమిద్దరం ఒకే బల్ల దగ్గర డబ్బాలు విప్పుకుంటాం. ఒకరోజు మాటల్లో మా చిన్నమ్మ గురించి చెప్పాను. మా ఊరి కూలీల్లో మిర్యాలగూడ వెళ్ళి సినిమా చూసొచ్చే మనిషి ఆమె ఒక్కతే. నాట్ల సమయంలో ఆడవాళ్ళంతా వంగి నారు నాటుతుంటే, చూసొచ్చిన సినిమాను పాటలతో సహా రెండు రోజులు చెప్పేది. మా అమ్మకు తెలిసిన సినిమాలన్నీ అలా మోకాటిలోతు బురదలో విన్నవే.

ఆంటీ చెంచా పక్కన పెట్టి, "మా అక్క సినిమాలో ఉంది," అన్నారు. యుద్ధానికి ముందు నాంపెన్ నగరంలో ఒక సినిమా తీస్తూ, పెళ్ళి ఊరేగింపులో పళ్ళ పళ్ళేలు పట్టుకుని నడవడానికి వాళ్ళ వీధి అమ్మాయిలను పిలిచారట. అక్క పేరు బొఫా, అప్పటికి పద్దెనిమిదేళ్ళు. తర్వాత వచ్చిన చెడ్డ కాలంలో ఆమెను పనికని తీసుకెళ్ళారు, మళ్ళీ తిరిగి రాలేదు. నాన్న బడిపంతులు. అది చదువుకున్న ఇల్లని తెలిస్తే ప్రాణాలు పోయే రోజులు కాబట్టి ఇంట్లో ఉన్న ఫొటోలన్నీ అమ్మ పొయ్యిలో వేసింది. ఆ దేశంలో అప్పటి సినిమాలు కూడా చాలావరకు అలాగే పోయాయి. ఇప్పుడు ఆ సినిమా కాపీ ఒకటి ఎక్కడో దొరికిందనీ, టకోమాలో తమ వాళ్ళ బౌద్ధాలయం హాల్లో శనివారం వేస్తున్నారనీ ఆంటీకి తెలిసింది. ముప్పై ఐదేళ్ళకు పైగా చూడని అక్క ముఖం ఒక్కసారి చూడాలి. టకోమాలోనే ఉండే కూతురు లీనాకు కూడా చూపించాలి. "నువ్వూ రా. బోర్డులు చదివేవాళ్ళు పక్కన ఉంటే నాకు ధైర్యం," అన్నారు. ఇంగ్లీషు ఆవిడ మాట్లాడగలరు కానీ చదవలేరు.

ఇది 2013 అక్టోబరు మాట. నాకింకా లైసెన్సు రాలేదు. మా రూమ్మేట్ మాధవిది తెనాలి. బయల్దేరుతుంటే దుప్పట్లోంచి తల బయటికి పెట్టి, "ఏమే పద్మా, సాటర్డే పూట బస్సెక్కి టకోమా వెళ్ళేదానివి నువ్వొక్కదానివే. ఆ పేపర్ మిల్లు వాసనకి కార్లో వెళ్ళేవాళ్ళే అద్దాలు ఎత్తుకుంటారు," అంది. సినిమాకి వెళ్తున్నానంటే, "సబ్‌టైటిల్స్ ఉంటాయా?" అని అడిగింది. ఉండవన్నాను. "మరి ఏం అర్థం చేసుకుంటావ్, నీ మొహం," అని మళ్ళీ పడుకుంది.

కారు లేనివాళ్ళకు దారి ఇది. బాతెల్ నుంచి 522 బస్సులో సియాటిల్ డౌన్‌టౌన్ సుమారు యాభై నిమిషాలు. అక్కడ 594 ఎక్కితే టకోమా ఇంకో గంట. జిల్లాలు దాటే బస్సు కాబట్టి టికెట్టు మూడున్నర డాలర్లు, కార్డుంటే మొదటి బస్సులో కట్టింది ఇందులో తగ్గుతుంది. టకోమాలో దిగి సిటీ బస్సులో మరో ఇరవై నిమిషాలు. ఎనిమిది నలభైకి బయల్దేరి పదకొండున్నరకు చేరాం. దారంతా సన్నని వాన. ఆంటీ కొత్త కళ్ళజోడు మాటిమాటికీ తీసి తుడుస్తున్నారు. మందుల దుకాణంలో ఈ సినిమా కోసమే కొన్నారట. వరసలో బొఫా మూడోదని, పళ్ళెంలో పనసపండు అని, చెవుల్లో ఉన్నవి పక్కింటివాళ్ళ దగ్గర అడిగి తెచ్చుకున్న కమ్మలని నాకు మూడుసార్లు చెప్పారు. షూటింగ్‌కి తోడు వెళ్ళింది తనే.

ఆలయం వెనక వంటశాలలో ఒక పెద్దావిడ బియ్యపు సేమ్యాల మీద చేపల పులుసు పోసి పెడుతోంది. ప్లేటు ఐదు డాలర్లు. నిమ్మగడ్డి వాసన ఒక్కటి తీసేస్తే నాకు కొత్తేమీ కాదు. "కారం చాలా?" అని అడిగింది. ఇంకొంచెం కావాలన్నాను. ఆంటీ వైపు తిరిగి వాళ్ళ భాషలో ఏదో అంటే ఇద్దరూ నవ్వారు. "ఈ పిల్లకి ఇక్కడే సంబంధం చూడమంటోంది," అన్నారు ఆంటీ. ఆ రోజు ఆవిడ నవ్వడం అదే మొదటిసారి.

హాలు గుమ్మం దగ్గర ఇంగ్లీషులో అచ్చేసిన కాగితం ఒకటి చేతికిచ్చారు. కుర్చీలో కూర్చోగానే ఆంటీ దాన్ని నా చేతిలో పెట్టి, "చదువు, కూన్," అన్నారు. కూన్ అంటే బిడ్డ. సినిమా ఏ కాలంలో తీశారో, కాపీ ఎలా దొరికిందో, అందులో శబ్దం ఎందుకు లేదో చదువుతూ వచ్చాను. చివరి నుంచి రెండో వాక్యం దగ్గర నా కళ్ళు ఆగిపోయాయి. మూడో రీలు దొరకలేదనీ, పెళ్ళి ఘట్టం దానితోపాటే పోయిందనీ ఉంది.

ఆ వాక్యం వదిలేసి చివరిది చదివాను.

"అంతేనా?" అన్నారు ఆంటీ. అంతేనన్నాను. "పెళ్ళి గురించి ఏమీ రాయలేదా?" అని మళ్ళీ అడిగారు. లేదన్నాను. ఇంకెక్కడైనా ఒక్క క్షణం బొఫా కనిపించకపోతుందా అని నాకు నేను చెప్పుకున్నాను.

మా ఇంట్లో బడికి వెళ్ళిన మొదటి మనిషిని నేను. ఉత్తరాలు, రేషన్ కాగితాలు, మందు చీటీలు అన్నీ నేనే చదివేదాన్ని. నాకు పదకొండేళ్ళప్పుడు, బతుకుదెరువుకి వెళ్ళిన భివండి నుంచి చిన్నమ్మ భర్త ఉత్తరం రాశాడు. ఆమె పది రోజులుగా అన్నం ముట్టడం లేదని, అక్కను చూడాలంటోందని అందులో ఉంది. అమ్మ ఏడుస్తుందని ఆ రెండు వరసలూ వదిలేసి, అంతా క్షేమమని చదివాను. మూడు వారాల తర్వాత ఆమె పోయిందన్న కబురే వచ్చింది. ఉత్తరం సంగతి బయటపడినప్పుడు అమ్మ నన్ను కొట్టలేదు. "ఉన్నదున్నట్టు సదువు బిడ్డా. నువ్వు సదివిందే గదా నాకు తెలిసేది," అంది. అది మర్చిపోలేదనుకుంటూనే పెద్దదాన్నయ్యాను. అయినా ఆ హాల్లో కాగితం మడిచి బ్యాగులో పెట్టేశాను.

డ్యూటీ నుంచి నేరుగా వచ్చిన లీనా, నర్సు దుస్తుల్లోనే మా పక్కన కూర్చుంది. తెర పక్కన మైకు ముందు ఒక ముసలాయన సర్దుకున్నాడు. ఆ రోజుల్లో వాళ్ళ సినిమా హాళ్ళలో గొంతులు అప్పటికప్పుడు పలికేవారట. ఈయన అలా పలికిన మనిషి. హీరో, హీరోయిన్, అత్తగారు, చివరికి కుక్క కూడా ఆయనే. అత్తగారు నోరు తెరవగానే ఎవరో పెద్దాయన కుర్చీలో కదిలి ఏదో అన్నాడు. "మా అత్త బతికొచ్చింది అంటున్నాడు," అని లీనా చెప్పింది.

ముప్పావు గంట గడిచింది. తెర మీద ఒక ఇంటి గుమ్మానికి అరటి చెట్లు కడుతున్నారు. ఆంటీ నా మణికట్టు పట్టుకున్నారు. గుమ్మం అవతల ధూళి లేచింది, ఎవరో వస్తున్నారు. తెర తెల్లబడింది.

"మిషన్ ఆగిందా?" అన్నారు ఆంటీ.

"లేదాంటీ. ఆ భాగం దొరకలేదట. కాగితంలో ఉంది."

"నువ్వు చదివావు కదా."

"ఆ వాక్యం చదవలేదు."

ఆవిడ నా చెయ్యి వదిలేశారు. "రెండుసార్లు అడిగాను నిన్ను," అన్నారు మెల్లగా. కళ్ళజోడు తీసి ఒళ్ళో పెట్టుకున్నారు. జరిగిందేమిటో లీనాకు అర్థం కాలేదు. మా ఇద్దరి ముఖాలూ మార్చి మార్చి చూసింది.

మైకు దగ్గర ముసలాయన తెర వైపు చూడకుండా జనం వైపు తిరిగి ఏదో అడిగాడు. లీనా నా చెవిలో చెప్పింది: "ఇక్కడ పెళ్ళి ఉండేది. మాటలు నాకు గుర్తున్నాయి, మనుషులు గుర్తు లేరు. చూసినవాళ్ళు ఎవరైనా ఉన్నారా, అంటున్నాడు."

ఎవరూ లేవలేదు. ఆంటీ ఒళ్ళో కళ్ళజోడు వైపే చూస్తున్నారు. కాసేపటికి ముందు కుర్చీ పట్టుకుని లేచారు.

చేతులతో వరస చూపించారు: మొదటి అమ్మాయి, రెండో అమ్మాయి, మూడో అమ్మాయి. మూడో చోట చేతులు గుండె దాకా ఎత్తి, బరువైన పళ్ళెం మోస్తున్నట్టు పట్టుకున్నారు. లీనా నాకు అర్థం చెబుతూ వచ్చింది. కెమెరా వైపు చూడొద్దని చెప్పినా బొఫా చూసిందట. మళ్ళీ తీస్తే మళ్ళీ చూసిందట. మూడోసారి డైరెక్టర్ టోపీ నేలకేసి కొట్టి, చూస్తే చూడనీ అన్నాడట. హాలంతా నవ్వింది. ఆ గుమ్మం దగ్గర అమ్మాయిలు పలకాల్సిన మాటను ముసలాయన సన్నని గొంతుతో పలికాడు. ఆంటీ తల అడ్డంగా ఊపి ఏదో అంటే అందరూ మళ్ళీ నవ్వారు. "మా అక్కది బొంగురు గొంతు, నువ్వు ఆడపిల్లలందరికీ ఒకే గొంతు పెట్టావు, అంటోంది," అని లీనా చెప్పింది. ఆయన చేతులు జోడించి, ఆ మాట మళ్ళీ బొంగురుగా పలికాడు.

అక్కడి నుంచి లీనా నాకు చెప్పడం మానేసింది. ఆంటీ చాలాసేపు మాట్లాడారు. నాకొక్క ముక్క అర్థం కాలేదు, అడగాలనీ అనిపించలేదు. తెర తెల్లగానే ఉంది. ఆవిడ కూర్చున్నాక లీనా అంది, "అమ్మకి ఒక అక్క ఉండేదని తెలుసు. పేరు ఇవాళే విన్నాను."

మిగతా సినిమా అయ్యేసరికి మూడున్నర. లీనా మమ్మల్ని 594 దగ్గర దింపింది. ఇంటికొచ్చి ఉండమంటే, బస్సులో ఈ పిల్ల ఒక్కతే అవుతుందని ఆంటీ ఒప్పుకోలేదు. బస్సు కదిలాక నేను క్షమించమన్నాను. ఫెడరల్ వే అనే ఊరు దాటాక ఆవిడ చెయ్యి చాపారు. బ్యాగులోంచి కాగితం తీసిచ్చాను. మడత విప్పి, మళ్ళీ నాకే ఇచ్చారు.

"మొదటి నుంచి చదువు. ఏదీ వదలకు."

చదివాను. చివరి నుంచి రెండో వాక్యం కూడా వదల్లేదు. మొత్తం అయ్యాక ఆ వాక్యం ఎక్కడుందో వేలుపెట్టి చూపించమన్నారు. చూపించాను. "దాని కింద రాయి," అన్నారు. వరసలో మూడో అమ్మాయి, పనసపండు పళ్ళెం, పేరు బొఫా అని రాశాను. "ఇప్పుడు అదీ చదువు," అన్నారు. అదీ చదివాను. కాగితం నాలుగు మడతలు పెట్టి కళ్ళజోడు డబ్బాలో దాచుకున్నారు.

పోయిన సినిమాల గురించి ఇంటికొచ్చాక చాలా చదివాను. వాటిని పరదేశాల్లో ఇలా చిన్న చిన్న హాళ్ళలో కూర్చుని, గుర్తున్నవాళ్ళు గుర్తున్నంత చెప్పుకుంటున్నారు. బురదలో నిలబడి చిన్నమ్మ చేసిందీ ఆ పనే. ఆమె చెబితే విన్న కథలకు అమ్మ సాక్షి. చిన్నమ్మ చివరి కోరికకు మాత్రం నేనొక్కదాన్నే సాక్షిని, దాన్ని నేను పైకి చదవలేదు. ఆ ఉత్తరం అమ్మ ట్రంకు పెట్టెలో ఇంకా ఉంది. ఈసారి వెళ్ళినప్పుడు తీసి మొదటి నుంచి చదువుతానని ఫోన్లో చెప్పాను. అమ్మ "సరే సదువు, ఇంటా," అంది.

ఇలాంటి ప్రదర్శనకు వెళ్ళాలనుకునేవారికి ఒక్క మాట. పెద్దవాళ్ళను వెంటబెట్టుకుని వెళ్తే అరగంట ముందే చేరండి. గుమ్మం దగ్గర ఇచ్చే కాగితం లోపలికి వెళ్ళకముందే, బయట వెలుగులో నిలబడి వాళ్ళకు పూర్తిగా చదివి వినిపించండి.