ఎవరూ ఎత్తని ఫోన్లు

నాది చిన్న కారం మిల్లు. ఏ పని ముందో ఏది వెనకో చెప్పడానికి ఫోనులో ఒక యాప్ పెట్టుకున్నాను. ఒంగోలు బస్సెక్కిన ఆ ఉదయం అందులో పనులన్నీ అర్జెంటంటూ ఎర్రగా వెలుగుతున్నాయి. చిలకలూరిపేట దాటేలోగా మా కారం కొనే ఆయనకీ, మిర్చి కమీషను వ్యాపారికీ, లారీ ఆఫీసుకీ ఫోను చేశాను. ఒక్కరూ ఎత్తలేదు. చేతికొచ్చిన కారం ఆర్డరు పోయినట్టేననుకుని మళ్ళీ మొదటి నుంచీ చేశాను.

పక్క సీట్లో తెల్లచీర కట్టుకున్న పెద్దావిడ, ఒళ్ళో బైబిలు పెట్టుకుని నన్నే చూస్తోంది.

"ఎవరికయ్యా అన్ని ఫోన్లు?"

"వ్యాపారమమ్మా. ఒక్కళ్ళూ పలకడం లేదు."

"ఆదివారం పూట ఎవరు పలుకుతారయ్యా? ఈపాటికి వాళ్ళ ఇళ్ళల్లో కోడికూర పొయ్యి మీదుంటది."

ఆదివారమా! పొద్దుటి నుంచీ తేదీలే చూస్తున్నాను, ఏ వారమో చూడనేలేదు. పకపకా నవ్వేశాను. ఆవిడా నవ్వింది.

ఆవిడ మార్టూరులో దిగబోతుంటే నా ఫోను మళ్ళీ కుయ్యిమంది. కొంగు సర్దుకుంటూ వెనక్కి తిరిగి, "సోమవారం దాని దారిన అదే వచ్చిద్దిలే," అంది.

వచ్చింది. కారం కొనే ఆయనే ఫోను చేశాడు. ఇప్పుడు నా యాప్‌లో ఆదివారం గడి ఖాళీ.

ఆ ఆదివారం ఆవిడ దిగాక మాత్రం, ఒంగోలు వచ్చిందని కండక్టరు భుజం తట్టి లేపేదాకా నిద్రపోయాను.