బ్రాందీ లేని బీన్స్ కోసం హఫర్ నుంచి ఖోబర్ దాకా

హైదరాబాద్‌లో హోటల్ వంటగదిలో పనిచేసే రోజుల్లో నాకు పేరు తెచ్చిన వంటకం ఒక్కటే. వెన్న, చక్కెర, రెండు చెంచాల బ్రాందీ పోసి, పెనం మీద తళతళలాడేలా వేయించిన బీన్స్. సౌదీలోని హఫర్ అల్ బాతిన్‌లో కార్మికుల క్యాంపు మెస్‌కు వచ్చాక ఐదేళ్ళుగా పప్పు, చికెన్ కూర తప్ప మరొకటి వండలేదు. అల్ ఖోబర్‌లో ఒక రెస్టారెంట్‌కు వంటవాడు కావాలని తెలిసి ఫోన్ చేసి, నా బీన్స్ సంగతి చెప్పాను. అక్కడి వంటమాస్టర్ రఫీక్ భాయ్ పాతబస్తీ మనిషి. "గురువారం రెండింటికి రా. నీ బీన్స్ తినిపియ్, చాలు" అన్నాడు. ఈ దేశంలో బ్రాందీ ఊసే ఎత్తకూడదు. అయినా ఆ రుచి తెచ్చి తీరాలని ఒకరోజు సెలవు పెట్టి బయలుదేరాను.

ఉదయం ఐదున్నరకు బస్సు, టికెట్ నూట ఇరవై రియాళ్ళు. దారిలో ఒక చెక్‌పోస్టులో ఇఖామా, అంటే నివాస కార్డు, అడుగుతారు, పైజేబులో పెట్టుకుంటే మంచిది. ఆరు గంటలు ఎడారిని చూస్తూ, బ్రాందీకి బదులు ఏం వేయాలా అని ఆలోచిస్తూనే ఉన్నాను. పదకొండున్నరకు దమ్మాంలో దిగి, ఖోబర్‌కు యాభై రియాళ్ళకు టాక్సీ మాట్లాడుకున్నాను. డ్రైవర్ బాషా, కడప జిల్లావాడు. నా గోడు విని నవ్వాడు.

"దానికింత దిగులు ఎందుకన్నా? అల్ అహ్సా ఊరి ఖర్జూర పాకం ఉండాది గదా, ఈడ దిబ్స్ అంటారు. దాంట్లో పుల్లంగా ఏమన్నా కలిపి సూడు."

దుకాణం దగ్గర ఆపేసరికి నమాజు వేళ, షట్టర్ దించి ఉంది. అరగంట నీడలో నిలబడ్డాం. తెరవగానే ఖర్జూర పాకం, నల్లద్రాక్ష రసం, వెనిగర్, విరిస్తే టక్కున విరిగే లేత బీన్స్ కిలో కొన్నాను.

రెండింటికి రఫీక్ భాయ్ వంటగదిలో పొయ్యి అంటించాను. తొందరలో సగం బీన్స్ పెనంలో వేసి, పాకాన్ని పెద్ద మంట మీదే పోశాను. క్షణాల్లో నల్లబడి చేదెక్కింది.

"మాడిందా? పారెయ్. ఇంక సగం ఉన్నయ్ గదా" అన్నాడు రఫీక్ భాయ్, గోడ గడియారం చూస్తూ.

ఈసారి తొందరపడలేదు. బీన్స్‌ను మరిగే ఉప్పునీళ్ళలో మూడు నిమిషాలు ఉంచి చల్లనీళ్ళలో వేశాను. ద్రాక్షరసం మూడోవంతుకు ఇగిరాక వెన్న, బీన్స్ వేసి కలిపాను. పొయ్యి ఆర్పాకే పాకం పోసి, చివర్లో చెంచాడు వెనిగర్ చల్లాను. మెరుపు వచ్చింది. ఒకటి నోట్లో వేసుకుంటే తీపి, పులుపు బాగా కుదిరాయి గానీ, గొంతులో దిగే ఆ వెచ్చదనం లేదు.

"భాయ్, బ్రాందీ రుచి రాలేదు" అని ఉన్నమాట చెప్పేశాను.

"నేను జిందగీల మందు ముట్టలే. ఆ రుచి వచ్చిందో లేదో నాకేం ఎరుక? గీ ప్లేట్ల ఉన్నది మాత్రం మస్తుగుంది" అంటూ మళ్ళీ వడ్డించుకున్నాడు. ప్లేటు ఖాళీ చేసి, "మీ కఫీల్‌ను అడిగి ట్రాన్స్‌ఫర్ కాయితం తెచ్చుకో" అన్నాడు.

కఫీల్ అంటే నన్ను ఈ దేశానికి పనికి తెచ్చుకున్న యజమాని, ఆయన నుంచి కాగితం రావడానికి రెండు నెలలు పట్టింది. ఇప్పుడు ఖోబర్‌లోనే ఉంటూ వారానికి నాలుగుసార్లు ఆ బీన్స్ చేస్తున్నాను. తింటున్నవాళ్ళలో ఎవరికీ పాత వంటకం తెలియదు. ఆ రోజంతా నేను హైదరాబాద్ రుచినే తేవాలని పంతం పట్టాను. తీరా నాకు పని ఇప్పించింది మాత్రం ఇక్కడి ఖర్జూరం. పంతం పట్టినందుకు బాధ లేదు, అది లేకపోతే రెండోసారి పొయ్యి అంటించేవాణ్ణి కాదు.

వెళ్ళేవాళ్ళకు ఒక్క మాట: తిరుగు టికెట్ ముందే తీసుకోండి. గురువారం సాయంత్రం హఫర్ బస్సులు నిండిపోతాయి. నేను దమ్మాం బస్టాండులో మూడు గంటలు నిలబడ్డాను. రఫీక్ భాయ్ కట్టిచ్చిన బీన్స్ డబ్బా చేతిలో ఉండబట్టి ఆకలి మాత్రం తెలియలేదు.